వేరు వాసన చూసే లక్ష్మణమ్మ

లక్ష్మణమ్మ ప్రతి ఉదయం పళ్ళు తోముకోక ముందే తన గోగుచేలోకి వెళ్ళి ఒక మొక్కను పీకేది. ఒక్కటంటే ఒక్కటే. పీకే ముందు వంగి నేలను తాకి, ఆ చేతివేళ్ళు కళ్ళకద్దుకుని, “తల్లీ, ఒక బిడ్డని తీసుకుంటన్నాను, ఏటీ అనుకోకు” అనేది. వేరుకంటిన మట్టిని గట్టుమీద దులిపేది. వేరును నడిమికి విరిచి, ముక్కు దగ్గర పెట్టుకుని కళ్ళు మూసుకునేది. పచ్చి వాసన వస్తే ఆమె మొహం విప్పారేది. తరువాత ఆ మొక్క ఆకును ఒళ్ళో దూసుకుని ఇంటికి వచ్చేది. పీకిన బిడ్డ వృథా కాకూడదు గనక, ఆ రోజు పప్పులోకి ఆ పుల్లటాకే పడేది.

“ఊళ్ళో ఆడోళ్ళందరూ పొద్దున్నే పొయ్యికి దండం పెడతారు, మాయావిడ ఏరుకి పెడతాది” అని భర్త ఎల్లాజీ నలుగురిలో నవ్వేవాడు. నవ్వినా, ఆమె చేలోంచి వచ్చేదాకా టీ తాగేవాడు కాదు. ఇద్దరికీ కలిపి ఒకేసారి కాచుకునేవాళ్ళు. ముప్పై ఏళ్ళుగా అదొక పద్ధతి.

ఆ అలవాటు ఆమెకు తండ్రి దగ్గర అబ్బింది. చీపురుపల్లికి దక్షిణంగా మూడు కోసుల దూరంలో ఆమె పుట్టిల్లు. ఆ ఇంట్లో గోగునారే తిండి, గోగునారే బట్ట. అయిదో తరగతితో బడి మాన్పించి చేలోకి తీసుకెళ్ళిన తండ్రి మొదట నేర్పింది కలుపు తీయడం కాదు, వాసన చూడడం. “మొక్కకి జబ్బొస్తే ఆకు సెప్పడానికి పది రోజులు పడతాది. ఏరు ఆ పొద్దే సెప్పేస్తాది, అడిగినోళ్ళకి” అనేవాడాయన. అడగడం ఆమెకు అలవాటైపోయింది.

తాటిగట్టువలసకు కోడలిగా వచ్చాక ఆమె నారకు పేరొచ్చింది. గోగు కోసి, కట్టలు కట్టి చెరువు నీళ్ళలో ఊరేసినప్పుడు అందరూ రోజులు లెక్కపెట్టుకుని తీస్తారు. లక్ష్మణమ్మ పదో రోజు నుంచి రోజూ మోకాలిలోతు నీళ్ళలోకి దిగి, నడిమి కట్టలోంచి ఒక పుల్ల లాగి, బొటనవేలితో తోలు తోసి చూసేది. అది పుల్లను వదిలి జారిన రోజునే తీయించేది. ఒక్కరోజు ముందు కాదు, వెనక కాదు. అందుకే ఆమె నార పొడవుగా, వెన్నపూస రంగులో, చేతిలో పట్టుకుంటే జారిపోయేలా ఉండేది. చీపురుపల్లిలో నార కొనే షావుకారు అందరి కట్టలూ విప్పి చూసేవాడు, ఆమె కట్ట విప్పేవాడు కాదు. ఈ సంగతి ఆమె ఎవరికీ చెప్పుకోలేదు. ఎల్లాజీయే ఊరంతా చెప్పాడు.

ఆశ్వయుజం వచ్చిందంటే ఊరంతా ఆ ఊరేసిన చెరువు కంపే. పెళ్ళిచూపులకు వచ్చినవాళ్ళు ముక్కు మూసుకుంటే ఊళ్ళోవాళ్ళు నవ్వుకునేవాళ్ళు. కుళ్ళు వాసన అంటే తాటిగట్టువలసకు భయం లేదు. అది వాళ్ళకు నార ఇంటికొస్తున్న వాసన. ఈ కథలో పొరపాటు అక్కడే మొదలైంది.

ఆ ఊళ్ళో ఒక ఆచారం ఉంది. తాటిగట్టు మీద గట్టమ్మ తల్లి రాయి ఉంది. విత్తనాలు జల్లే ముందు మంగళవారం నాడు ప్రతి ఇంటివాళ్ళూ తమ చేను మట్టి పిడికెడు తెచ్చి తల్లి ముందు ఇత్తడి పళ్ళెంలో పోస్తారు. పూజారి జోగయ్య పసుపునీళ్ళు చల్లి, అందరి మట్టినీ కలిపేసి, ఇంటికి పిడికెడు చొప్పున తిరిగి ఇస్తాడు. దాన్ని తీసుకెళ్ళి చేలో ఈశాన్యం మూల చల్లుకోవాలి. అందరి నేల బలమూ అందరికీ అందాలని పెద్దవాళ్ళు పెట్టిన ఏర్పాటు. ఎంత మంచి మనసుతో పెట్టారో చూడండి, రాళ్ళచేను ఉన్నవాడి ఇంటికీ రేగడిచేను మట్టి పిడికెడు వెళుతుంది. పళ్ళెంలో మొదటి పిడికెడు, కిందటేడు ఎవరి నార మేలైనదో వాళ్ళది. ఏడేళ్ళుగా అది లక్ష్మణమ్మదే.

ఆ మొదటి పిడికెడు పోసేటప్పుడు ఆమె కొత్త చీర కట్టుకోదు, పెద్ద మాట మాట్లాడదు. కానీ ఆ రోజు ఆమె నడక చూసినవాళ్ళకు తెలుస్తుంది. అది గర్వమే. కష్టపడి సంపాదించుకున్న గర్వాన్ని తల్లి తప్పు పట్టదు.

ఈ ఏడు శ్రావణంలో ముసురు పట్టింది. పన్నెండు రోజులు విడవలేదు. తెరిపి ఇచ్చిన బుధవారం పొద్దున్న మరిది కొండబాబు అయిదారు గోగుమొక్కలు చంకన పెట్టుకుని ఆమె వాకిట్లోకి వచ్చాడు. ఊళ్ళో అందరినీ నవ్వించే మనిషి ఆ పొద్దు నవ్వలేదు.

“వొదినా, నా సేలో పిల్లలు ఎలాగ తలకాయలు ఏలాడేసినాయో సూడు.”

“పన్నెండ్రోజుల ముసురు కదరా. నీళ్ళు నిలిచిపోయుంటాయి.”

“నీళ్ళకైతే పల్లంలో మొక్క పోవాల. నాది మెరకలో పోనాది. పల్లంలోది సుబ్బరంగా ఉన్నాది. ఇదేటి సోద్యం?”

లక్ష్మణమ్మ మొక్కల్ని అందుకుంది. పై ఆకులు వాడి ముడుచుకున్నా ఇంకా పచ్చగానే ఉన్నాయి. కాండం నడుమ గట్టిగానే ఉంది. మొదట్లో మాత్రం, నేలకు బెత్తెడు ఎత్తున, కాలిన ఇనుము చుట్టినట్టు నల్లని పట్టీ. బొటనవేలు ఆనించగానే అక్కడి తోలు జారి చేతికొచ్చింది. తడి ఉన్నచోట దూదిపీచులాంటి తెల్లని బూజు. వేరు చూస్తే పైతోలంతా కుళ్ళి, లోపలి దారం ఒక్కటే మిగిలింది. అలవాటు కొద్దీ ముక్కు దగ్గర పెట్టుకుంది.

ఊరేసిన చెరువు వాసన. ఊరేయడానికి ఇంకా రెండు నెలలు ఉండగానే.

ఆ వాసన చూడడం ఆమెకు అది మొదటిసారి కాదు.

“ఏటి వొదినా, ఏటైనాది?”

“సూస్తాను, ఎల్లు” అంది.

మర్నాటికల్లా సంగతి ఊరంతా పాకింది. కొండబాబు చేను ఒక్కటే కాదు. గోగు వేసిన పందొమ్మిది ఇళ్ళలో చాలామంది చేలల్లో మొక్కలు వాలిపోతున్నాయి. గురువారం సాయంత్రం అందరూ గట్టమ్మ దగ్గర చేరారు. జోగయ్య డెబ్బై దాటిన మనిషి, ఎప్పుడూ గొంతు పెంచి ఎరగడు. చాలాసేపు తల్లి రాయి వైపు చూసి అన్నాడు.

“నా సిన్నప్పుడొక యేడు పురుగు పడితే మా బాబు పెద్దమట్టి సేసినాడు. పోయిన సోట మట్టి అందరూ తేవాల, తల్లికాడ కలపాల, తీసికెల్లి సేనంతా జల్లాల. మూల ఒక్కటే కాదు, సేనంతాను. తల్లికి కోపమొస్తే అలాగే సల్లారుతాది. ఆదివారం సేద్దారి.”

అందరికీ కాస్త ఊరట కలిగింది. లక్ష్మణమ్మకు కలగలేదు. ఎందుకో అప్పటికి ఆమెకూ తెలియదు.

శుక్రవారం ఉదయం తన చేలో మొక్క పీకి, ఇంటికి రాకుండా అలాగే ముందుకు నడిచింది. గట్టు వెంట గట్టు పట్టుకుని పందొమ్మిది చేలూ తిరిగింది. ప్రతి చేనుకూ ముందు దండం పెట్టి, ఆ తరువాతే లోపలికి దిగింది. ఒక్కో చేను వాలు ఒక్కో వైపు. కొన్నిటిలో నీళ్ళు దక్షిణానికి పోతాయి, కొన్నిటిలో పడమటికి. కుళ్ళు మాత్రం దాదాపు ప్రతి చేలోనూ ఒకే చోట మొదలైంది. ఈశాన్యం మూల. అక్కడ మొక్కలు పూర్తిగా పడిపోయాయి, అక్కడి నుంచి లోపలికి వచ్చేకొద్దీ ఇంకా నిలబడి ఉన్నాయి. దిక్కు చూసుకుని వచ్చే తెగులు ఎక్కడైనా ఉంటుందా?

దుర్గాభవాని చేను దగ్గర ఆమె కాళ్ళు ఆగిపోయాయి. ఊళ్ళోకెల్లా పల్లపు చేను అది. మడమ మునిగే నీళ్ళలో నిలబడినా ఒక్క మొక్క వాలలేదు. దుర్గాభవాని నెలల పిల్లను భుజాన వేసుకుని గట్టుమీదే ఉంది.

“ఏటత్తా, ఇంత పొద్దున్నే మా సేలోకి?”

“నీ సేలో ఏ మందు ఏసినావే?”

“మందా? పురిటి మంచం మీదున్నదాన్ని, ఏటేస్తాను? ఈ ఏడు మైల కదా, తల్లి మట్టి కూడా తెచ్చుకోనేదు. ఆ మట్టి నేకపోబట్టి మా సేను ఏటైపోతాదోనని మా అత్త రోజూ ఏడుస్తాది.”

లక్ష్మణమ్మ గట్టుమీద కూర్చుండిపోయింది. దుర్గాభవాని కంగారు పడి, పిల్లను ఆమె ఒళ్ళో పెట్టి, మంచినీళ్ళకు పరిగెత్తింది. కూర్చున్న మనిషికి పసిబిడ్డను ఇస్తే ధైర్యం వస్తుందని దుర్గాభవానికి ఎవరు చెప్పారో గాని, నిజంగానే కాస్త వచ్చింది.

మట్టి తెచ్చుకోని ఒక్క చేనే బాగుంది. మిగతా చేలల్లో మట్టి చల్లిన మూలే పోయింది. ఇక తన చేను. తన చేలో కుళ్ళు ఈశాన్యంలో మొదలవలేదు. ఉత్తరం గట్టు పొడవునా ఉంది. ఎందుకంటే అక్కడ అది కిందటేడే ఉంది.

కిందటేడు భాద్రపదంలో ఆ గట్టు వార ముప్పై నలభై మొక్కలు వాలిపోయాయి. వేరు విరిచి వాసన చూసింది. ఇదే వాసన. ఒక్క నిమిషం ఆగింది కూడా. తన చేను కదా, ఊరేసే కాలం దగ్గరపడింది కదా, గాలికి చెరువు కంపు ఏదో వచ్చి ఉంటుందిలే అనుకుంది. ఎలకలు కొరికాయేమో అనుకుంది. ఆ యేడు కూడా నార ఊరికి మొదటిదే అయింది. ఆ సంగతి మరిచిపోయింది. ఈ జ్యేష్ఠంలో మొదటి పిడికెడు మట్టి ఆ ఉత్తరం గట్టు వారనే తీసింది, ఇంటికి దగ్గరని.

ఇంటికి వచ్చి భర్తకు చెప్పింది. అప్పటికే మూడుసార్లు టీ వెచ్చబెట్టి ఎదురుచూస్తున్న ఎల్లాజీ గ్లాసు కింద పెట్టేశాడు.

“నీ ఒక్క పిడికెడే అని ఎలాగ తెలుసు? పద్దెనిమిది ఇళ్ళ మట్టి ఉన్నాది పళ్ళెంలో.”

“కిందటేడు కుళ్ళు సూసింది నానొక్కద్దాన్నే. నాకు తెలుసు.”

“సెప్తే నీ పేరు పోతాది, లచ్చిమమ్మా.”

“సెప్పకపోతే ఆదివారం కుళ్ళిన సోట మట్టే తెచ్చి సేనంతా జల్లుతారు. మూల పోనాది, ఇంక సేను పోతాది.”

ఎల్లాజీ ఆమె గ్లాసును ఆమె ముందుకు జరిపాడు. చల్లారిన టీనే ఇద్దరూ తాగారు.

శనివారం ఆమె నాలుగు చేల నుంచి నాలుగు మొక్కలు విడివిడి కవర్లలో కట్టి రైతు సేవా కేంద్రానికి వెళ్ళింది. అక్కడి వ్యవసాయ సహాయకురాలు అనూరాధది పొందూరు. వాళ్ళ నాయనమ్మ ఇప్పటికీ నూలు వడుకుతుంది. చదువుకున్న పిల్ల అయినా ఊళ్ళో ఎవరి నార పట్టుకున్నా ముందు వేళ్ళతో పోగు తీసి చూస్తుంది. లక్ష్మణమ్మకు ఆ పిల్ల మీద గురి కుదిరింది కూడా అందుకే.

అనూరాధ కాండాన్ని బ్లేడుతో నిలువునా చీల్చింది. లోపల చాక్లెట్టు రంగు గీత పైకి పాకి ఉంది. భూతద్దం పెట్టి చాలాసేపు చూసింది.

“మొదలుకుళ్ళు పిన్నీ, కాండం కుళ్ళంటారు కూడా. ఇది బూజు జాతి. గాలిలో కాదు, మట్టిలో ఉంటాది. ఎండాకాలమంతా చచ్చిన మొదళ్ళలో నిద్రపోతాది. ముసురు పడితే లేస్తాది.”

“ఒక సేను మట్టి పిడికెడు తీసి ఇంకో సేలో ఏస్తే?”

“అయ్యో! చేజేతులా విత్తినట్టే. ఎవరు చేస్తారలాగ?”

లక్ష్మణమ్మ చెప్పింది, మొదటి నుంచి చివరి దాకా. అనూరాధ నవ్వలేదు, మూఢనమ్మకం అనలేదు. “మీరు చూసినట్టు ఈశాన్యం మూల అని నేను నా చదువుతో కనిపెట్టలేకపోయేదాన్ని పిన్నీ” అంది. తరువాత చేయవలసినవి ఒక్కొక్కటీ చెప్పింది. పడిపోయిన మొక్కల్ని వేళ్ళతో సహా పీకి, చేలోనే ఒక మూల కాల్చెయ్యాలి. పెంటకుప్ప మీద వెయ్యకూడదు. చుట్టూ ఉన్న మంచి మొక్కల మొదళ్ళు తడిసేలా కాపర్ ఆక్సీక్లోరైడ్ పొయ్యాలి, లీటరు నీటికి మూడు గ్రాములు. ఆకుమీద కొడితే లాభం లేదు. నీళ్ళు నిలవకుండా కాలవలు తియ్యాలి. జబ్బు చేలో పని చేసిన కాళ్ళు కడుక్కోకుండా మంచి చేలోకి దిగకూడదు.

“ఇవన్నీ రేపే చెప్పాలి. నన్ను రమ్మంటారా? నేను చెప్తాను, మీ పేరు రాకుండా” అంది చివర్న.

ఆ మాటలోని మంచితనానికి లక్ష్మణమ్మ కళ్ళు చెమ్మగిల్లాయి. “వొద్దమ్మా. నువ్వు రా. కానీ నా పిడికెడు సంగతి నానే సెప్పాల” అంది.

ఆదివారం ఉదయం తాటిగట్టు మీద ఊరంతా ఉంది, అనూరాధ కూడా వచ్చింది. అందరి చేతుల్లో ఆకుదొన్నెలు, వాటిలో కుళ్ళినచోట తీసిన మట్టి. జోగయ్య ఇత్తడి పళ్ళెం తుడిచి తల్లి ముందు పెట్టాడు. “మొదటి పిడికెడు లచ్చిమమ్మదే. రామ్మా” అని పిలిచాడు.

లక్ష్మణమ్మ ఉత్త చేతులతో ముందుకు వచ్చింది. రాయికి దండం పెట్టి, జనం వైపు తిరిగింది.

“నాను మట్టి తేనేదు. ఇంకెవరూ పొయ్యొద్దు. ఈ జబ్బు మట్టిలో ఉన్నాది. తల్లికి కోపమొచ్చి కాదు, కిందటేడు నా సేలో కుళ్ళొస్తే నాను పట్టించుకోనేదు. ఆ మట్టే మొన్న మొదటి పిడికెడుగా పోసినాను. కలిపినాం, పంచినాం, ఈశాన్యం మూల జల్లినాం. ఎల్లి సూసుకోండి, అక్కడే మొదలైనాది. మట్టి తెచ్చుకోని దుర్గాభవాని సేను పల్లంలో ఉండి కూడా సుబ్బరంగా ఉన్నాది. తప్పు నాది.”

కొండబాబు తన దొన్నెను నేలమీద పెట్టాడు.

“ఏడేళ్ళు వొదినా! మొదటి పిడికెడు మాదేనని మా ఇంటి ఆడోళ్ళు గూడా ఊరేగినారు నీతోటి. కిందటేడే వాసన తెలిసి ఊరుకున్నావా? ఊరికి ముక్కు నువ్వేనని కదా మేమనుకున్నాం!”

“తెలిసినాది. నాది కదా, ఏటీ కాదులే అనుకున్నాను.”

ఆమె అబద్ధం చెప్పి తప్పించుకుని ఉంటే కొండబాబు ఇంకా తిట్టేవాడేమో. అంత సూటిగా ఒప్పుకునేసరికి దొన్నె తీసుకుని వెనక్కి తగ్గాడు.

అప్పుడు జోగయ్య కర్ర ఆనించుకుని లేచాడు. ఏం అంటాడోనని అందరూ అతని వైపే చూశారు. అతను లక్ష్మణమ్మ పక్కకు వచ్చి నిలబడ్డాడు.

“ముప్పై ఏళ్ళుగా ఆ మట్టి కలిపింది నా సెయ్యి. తప్పంటే ముందు నా సేతిది. ఒక ఇంట్లో పిల్లకి అమ్మవారు పోస్తే ఆ పిల్ల పక్క గుడ్డలు అన్ని ఇళ్ళకీ పంచుతామా? తల్లి పంచమంటాదా? పంచమన్నది బలం, రోగం కాదు” అన్నాడు. తరువాత అనూరాధ వైపు తిరిగి, “అమ్మా, మట్టిని మూకుట్లో పోసి, సెనగలు ఏపినట్టు పొగొచ్చేదాకా ఏపితే ఆ బూజు సస్తాదా?” అని అడిగాడు.

అనూరాధ ఒక్క క్షణం ఆశ్చర్యపోయింది. “చస్తాది తాతా. కిందా మీదా కలుపుతూ బాగా వేపితే చస్తాది. ఇప్పుడు మాత్రం పడిపోయిన మొక్కలన్నీ పీకి కాల్చెయ్యాలి, మిగతావాటి మొదళ్ళకి మందు పొయ్యాలి.”

“అయితే వొచ్చే ఏడు నుంచీ తల్లికి ఏపిన మట్టే. ఈ ఏడు మట్టి నేదు. పీకిన మొక్కలు కాల్చిన బూడిద ఒక చిటికెడు తెచ్చి తల్లికి బొట్టు పెడదారి. పదండి, సేలకి.”

అంతే. ఒక ఆచారం మారడానికి ఎన్ని తగువులు పడాలో అనుకున్న అనూరాధ కూడా వాళ్ళ వెంట చేలకు నడిచింది. అసలు ఆచారం మారలేదు, దాని అర్థం మళ్ళీ గుర్తుకొచ్చింది, అంతే.

ఆ తరువాతి నాలుగు రోజులూ ఊళ్ళో ఎవరి చేను ఎవరిదో తెలియనట్టు పనిచేశారు. లక్ష్మణమ్మ ముందు కొండబాబు చేలోకి వెళ్దామని పార పట్టుకుని బయలుదేరింది. తీరా చూస్తే అతను అప్పటికే ఆమె చేను ఉత్తరం గట్టు దగ్గర మోకాళ్ళ మీద కూర్చుని మొదళ్ళు పీకుతున్నాడు.

“నీ సేను సూసుకోరా ముందు!”

“పుట్టిన సోట పీకాల కదా వొదినా, ముందు” అన్నాడు తలెత్తకుండా. కాసేపాగి, “నీ సేలో వానపాము గూడా నీలాగే పొగరుగా ఉన్నాది, పారకి అడ్డం తప్పుకోదు” అన్నాడు. అతని నోట ఎగతాళి వినబడేసరికి ఆమెకు సగం బరువు దిగింది.

దుర్గాభవాని ప్రతి చేను గట్టుమీదా ఒక కుండతో నీళ్ళు పెట్టించింది. గుడిలోకి వెళ్ళేటప్పుడు కడుక్కున్నట్టే ఆ చేలోంచి ఈ చేలోకి పోయేవాళ్ళందరూ కాళ్ళు కడుక్కునేవాళ్ళు. మందు కొట్టే డబ్బాల ముక్కులు తీసేసి, మొక్క మొదట్లో ధార పడేలా నీలిపచ్చ నీళ్ళు పోశారు. లక్ష్మణమ్మ ముందు నడుస్తూ, ఎంతవరకు పీకాలో, ఎక్కడ ఆపాలో ఒక్కో మొక్క మొదలు తాకి చెప్పింది. పైకి పచ్చగా ఉన్న మొక్కను ఆమె పీకమంటే మొదట్లో అందరూ సందేహించారు. విరిచి చూస్తే లోపల చాక్లెట్టు గీత ఉండేది. రెండో రోజు నుంచి ఆమె చూపించిన మొక్కను ఎవరూ విరిచి చూడలేదు.

తరువాత మళ్ళీ వానలు పడ్డాయి. ప్రతి ఉదయం ఊరు ఊపిరి బిగబట్టి చేలోకి వెళ్ళేది. కుళ్ళు ఆ మూలల్లోనే ఆగింది. కొండబాబుకు మూడోవంతు చేను పోయింది. లక్ష్మణమ్మకు ఉత్తరం గట్టు వారంతా బోడిగా మిగిలింది. మిగతా చేలన్నీ నిలిచాయి.

ఆశ్వయుజంలో చెరువు నిండా కట్టలు పడ్డాయి. ఊరంతా మళ్ళీ ఆ కంపు, ఈసారి సరైన కాలంలో వచ్చిన కంపు. లక్ష్మణమ్మ పదో రోజు నీళ్ళలోకి దిగినప్పుడు ఒడ్డున కొండబాబు భార్య ధనలక్ష్మితో సహా ఎనిమిదిమంది ఆడవాళ్ళు చీరలు ఎగగట్టి నిలబడి ఉన్నారు. తోలు ఏ రోజు జారుతుందో తమ బొటనవేళ్ళతో నేర్చుకోవాలని వచ్చారు. ఆమె అందరి చేతులకూ పుల్లలిచ్చింది. ఆ యేడు చీపురుపల్లి షావుకారు తాటిగట్టువలస కట్టల్ని ఒక్కటి కూడా విప్పి చూడలేదు. ఊరి పేరు అడిగి పక్కన పెట్టేశాడు. ఎల్లాజీ ఆ సంగతి చెబుతుంటే లక్ష్మణమ్మ తల వంచుకుని నవ్వింది. తన కట్ట ఒక్కటే విప్పని రోజుల్లో కూడా ఆమె అంతగా నవ్వలేదు.

మరుసటి జ్యేష్ఠం వచ్చింది. జబ్బుపడిన చేలల్లో రెండేళ్ళు గోగు వద్దని అనూరాధ చెబితే మొక్కజొన్న వేయాలనుకున్నారు. గోగు వేసే కొత్త మడులకు పశువుల పెంటలో ట్రైకోడెర్మా అనే, కుళ్ళును అణిచే మంచి బూజు కలిపి మాగబెట్టారు, విత్తనానికి మందు పట్టించారు. మంగళవారం నాడు గట్టమ్మ దగ్గర మూడు రాళ్ళ పొయ్యి వెలిగింది. పొయ్యి మీద సంబరాలకు సెనగలు వేపే పెద్ద ఇనుప మూకుడు.

జోగయ్య, “మొదటి పిడికెడు...” అని ఆగాడు. లక్ష్మణమ్మ వెనక వరసలో నిలబడి ఉంది. ఈసారి తన పేరు ఉండదని ఆమెకు తెలుసు. అందుకు బాధ కూడా లేదు.

“వొదినదే” అని కొండబాబు అరిచాడు. “మరెవరిది? బాగా ఏపు మావా, మా వొదిన మట్టి కొంచెం మొండిది.”

ఊరంతా గొల్లుమంది. లక్ష్మణమ్మ ముందుకు వచ్చి తన మట్టిని మూకుట్లో పోసింది. జోగయ్య గరిటెతో కలిపాడు. పసుపు, తడిమట్టి, పొగ కలిసి మొదటి వానలాంటి వాసన లేచింది. అక్కడున్న ముసలివాళ్ళు ఆ పొగను చేతులతో అందుకుని కళ్ళకద్దుకున్నారు.

తిరిగి వస్తూ గట్టుమీద ఆమె మరిదిని నిలబెట్టింది.

“ఒరే కొండబాబూ, నాకొక సాయం సెయ్యాలి.”

“అడుగు.”

“మొక్క మొలిసిన కాడి నుంచీ రోజూ పొద్దున్న నా కొత్త మడిలో మొక్క నువ్వు పీకు. నువ్వే వాసన సూడు. నీ మడిలోది నాను సూస్తాను.”

కొండబాబు తెల్లబోయాడు. “ఊరికంతా వాసన సూసేది నువ్వు. నీ సేనుకి నా ముక్కెందుకు?”

“ఊరందరి సేలూ తెలుస్తాయిరా. నా సేను దగ్గరికొస్తే నా ముక్కు నా మాటే ఇంటాది. నీకు ఏ మాత్రం అనుమానమొచ్చినా నలుగురిలో సెప్పెయ్. వొదినని మొగమాటపడకు.”